మూకీ పొట్టి సినిమాలు: మొదట ఏది చూడాలి, ఏ కాపీ చూడాలి

పోయిన వేసవిలో మా అక్క కొడుకు వారం రోజులు మా ఇంట్లో ఉన్నాడు. ఇంజనీరింగ్ రెండో ఏడాది, షార్ట్ ఫిల్ములు తీసే పిచ్చి. "మావయ్యా, అసలు సినిమా ఎలా మొదలైందో చూపించు" అన్నాడు. నాకు అంతకంటే కావాల్సిందేముంది? రాత్రి డాబా మీద గోడకి తెల్ల దుప్పటి బిగించి, చిన్న ప్రొజెక్టర్ పెట్టి, నెట్‌లో మొదట కనబడిన "చంద్రుడి మీదకి ప్రయాణం" వేసేశాను. బొమ్మంతా మసి పట్టినట్టుంది. మనుషులు చెదిరిన చీమల్లా పరిగెడుతున్నారు. వెనక ఒకటే పియానో మోత. నాలుగో నిమిషానికి వాడి చేతిలోకి ఫోనొచ్చేసింది. మా అమ్మ మాత్రం చివరిదాకా కూర్చుని, "వీళ్ళందరికీ అంత తొందరేంట్రా?" అంది.

వాళ్ళకేం తొందర లేదు. తొందరంతా నేను వేసిన కాపీది. ఆ సంగతి తెలిసీ సరైన కాపీ వెతక్కుండా వేశాను చూడండి, అదీ నా తప్పు.

1895 నుంచి 1920ల మొదటిదాకా వచ్చిన పొట్టి మూకీలు వేలల్లో ఉన్నాయి. చాలావాటికి కాపీరైటు ఎప్పుడో తీరిపోయింది కాబట్టి ఉచితంగా దొరుకుతాయి. ఏవి చూడాలో చెప్పే జాబితాలకీ కొదవ లేదు. కాకపోతే అన్నిట్లోనూ పైన ఉండేవి ఆ మూడే: స్టేషన్‌కి వచ్చే రైలు, కంట్లో రాకెట్ గుచ్చుకున్న చంద్రుడు, అమెరికా రైలు దోపిడీ. చరిత్రలో వాటి స్థానం గురించి గొడవ లేదు. మొదటిసారి చూసేవాళ్ళకి మాత్రం ఆ మూడింట్లో ఒక్కటీ సరైన మొదలు కాదని నా అభిప్రాయం. మరి ఏది అంటారా, అది మీకు ఏం కావాలన్నదాన్ని బట్టి ఉంటుంది.

పెట్టెలో బొమ్మా, తెర మీద బొమ్మా?

ఇది తొందరగా తేలిపోయే పోటీ. అమెరికాలో ఎడిసన్ కంపెనీ తయారుచేసిన కైనెటోస్కోపులు 1894 ఏప్రిల్‌లో న్యూయార్క్ బ్రాడ్‌వేలో వెలిశాయి. చెక్క పెట్టె, పైన చిన్న కిటికీ, అందులోకి కన్నుపెట్టి ఒక్కొక్కరే చూడాలి. మన తిరణాళ్ళలో "కాశీపట్నం చూడర బాబూ" అని పిలిచే పెట్టె లాంటిదే, లోపల బొమ్మ కదులుతుందంతే. ఆ కంపెనీలో పనిచేసే ఫ్రెడ్ ఆట్ అనే ఆయన తుమ్మిన తుమ్ము అదే ఏడాది తీసిన ఒక బొమ్మ. అయిదు సెకన్లు. ఫోన్‌లో ఒంటరిగా చూడండి, దాన్ని అలా చూడటమే సబబు. అంతకుముందు 1888లో ఇంగ్లండ్‌లో లూయీ ల ప్రాన్స్ తీసిన తోట దృశ్యం ఇంకా చిన్నది, రెండు సెకన్ల పైచిలుకు. ఇవి చూశామని చెప్పుకోవడానికి చూసేవి. సాయంత్రం కూర్చుని చూసేవి కావు.

నలుగురు కలిసి కూర్చుని చూసే సినిమా కావాలంటే లూమియేర్ అన్నదమ్ముల దగ్గరికి రావాలి. 1895 డిసెంబర్ 28న పారిస్‌లోని గ్రాండ్ కెఫేలో, నేలమాళిగ గదిలో, ఒక్కో ఫ్రాంకు టికెట్ పెట్టి పది బొమ్మలు చూపించారు. ఒక్కోటీ ఇంచుమించు 50 సెకన్లు. మొదటి ఆటకి వచ్చింది 33 మంది అంటారు. వాళ్ళ యంత్రం గొప్పతనమంతా దాని తేలికలో ఉంది. చేత్తో తిప్పే ఆ ఒక్క పెట్టే బొమ్మ తీస్తుంది, ప్రింటు వేస్తుంది, తెర మీద చూపిస్తుంది. అందుకే ఏడు నెలలు తిరక్కుండానే, 1896 జూలై 7న, బొంబాయి వాట్సన్ హోటల్లో బొమ్మ పడింది.

లూమియేరా, మెలియెసా?

అసలు మల్లగుల్లాలు ఇక్కడే. పుస్తకాలన్నీ ఒకే మాట చెబుతాయి: లూమియేర్ ఉన్నది ఉన్నట్టు చూపించాడు, మెలియెస్ లేనిది సృష్టించాడు, ఒకరు డాక్యుమెంటరీకి తాత, ఇంకొకరు ఫాంటసీకి తాత. పరీక్షలో రాయడానికి బాగుంటుంది. బొమ్మ చూస్తే మాత్రం అంత తేలిగ్గా నమ్మబుద్ధి కాదు.

లియాన్‌లో తమ ఫ్యాక్టరీ గేటు నుంచి పనివాళ్ళు బయటికి రావడాన్ని లూమియేర్‌లు మూడుసార్లు తీశారు. మొదటిదాంట్లో ఒంటి గుర్రం బండి వస్తుంది, ఇంకోదాంట్లో రెండు గుర్రాల బండి, మరోదాంట్లో బండే లేదు. మూడూ పక్కపక్కన వేసి చూడండి. గేటు తెరుచుకుంటుంది, పొడుగు గౌన్లు, టోపీలు పెట్టుకున్న ఆడవాళ్ళు రెండు వైపులకీ చీలిపోతారు, సైకిళ్ళ మీద మగవాళ్ళు, మధ్యలో ఒక కుక్క. కెమెరా ఎదురుగానే ఉన్నా దాదాపు ఎవరూ దానివైపు చూడరు. పనయ్యాక ఇంటికెళ్ళే మనిషి ఎదురుగా అంత వింత యంత్రం కనిపిస్తే ఆగి చూడకుండా ఉంటాడా? ముందే చెప్పి పెట్టారన్నమాట. అంటే మనకి "వాస్తవం" అని చూపించే మొట్టమొదటి సినిమాలోనే డైరెక్షన్ ఉంది, రీటేకులూ ఉన్నాయి.

తోటమాలి బొమ్మ ఇంకా స్పష్టం. తోటమాలి గొట్టంతో మొక్కలకి నీళ్ళు పెడుతుంటాడు. వెనక నుంచి ఒక కుర్రాడు వచ్చి గొట్టం తొక్కుతాడు. నీళ్ళు ఆగిపోయాయేమిటా అని ఆయన గొట్టం మూతిలోకి తొంగి చూస్తాడు, కుర్రాడు కాలు తీస్తాడు, మొహం తడిసిపోతుంది. ఆ తర్వాత జరిగేది చూడండి. కుర్రాడు పారిపోతాడు, తోటమాలి వెనకపడి పట్టుకుంటాడు, పట్టుకున్నచోటే వాయించకుండా మళ్ళీ కెమెరా ముందుకి లాక్కొచ్చి వాయిస్తాడు! దెబ్బలు ప్రేక్షకులకి కనబడాలి కదా. కథ, నటన, కామెడీ అన్నీ ఆ 50 సెకన్లలోనే ఉన్నాయి.

ఇక జార్జ్ మెలియెస్. వృత్తిరీత్యా ఇంద్రజాలికుడు, పారిస్‌లో సొంత మ్యాజిక్ థియేటరు ఉన్నవాడు. 1897లో మోంట్రై అనే ఊళ్ళో అద్దాల స్టూడియో కట్టి, మొత్తం మీద 500కి పైగా సినిమాలు తీశాడు. ఆయన ప్రధాన ఆయుధం ఒకటే: కెమెరా ఆపు, మనిషిని మార్చు, మళ్ళీ తిప్పు. తెర మీద మనిషి మాయం. మన జానపద, పౌరాణిక సినిమాల్లో దేవుడు ప్రత్యక్షమైనా, రాక్షసుడు అంతర్ధానమైనా మూలం ఆ కిటుకే. మాయాబజార్‌లో మార్కస్ బార్ట్లే కెమెరా పనితనం చూసి పెరిగినవాళ్ళకి మెలియెస్ పరాయివాడు అనిపించడు. లడ్డూలు వాటంతటవే ఘటోత్కచుడి నోట్లోకి ఎగిరిపడే సీనుని పొరబాటున కూడా "పాతకాలపు ట్రిక్కు" అనం కదా.

మెలియెస్‌వి ఏది చూడాలి? అందరూ చెప్పేది 1902 నాటి చంద్రుడి సినిమా. నేను చెప్పేది దానికి రెండేళ్ళ ముందొచ్చిన "ఒక్కడే ఆర్కెస్ట్రా". నిమిషంన్నర. ఏడు కుర్చీలు, ఏడుగురు మెలియెస్‌లు, తలొక వాయిద్యం. ఒకే ఫిల్మ్‌ని వెనక్కి తిప్పి మళ్ళీ మళ్ళీ ఎక్స్‌పోజ్ చేసి తీశాడు. ఒక్కచోట లెక్క తప్పినా మొత్తం పాడు, మళ్ళీ మొదటినుంచే. ఆ టెన్షన్ తెలిసి చూస్తే నిమిషంన్నరా ఊపిరి బిగబట్టే ఉంటారు. అది నచ్చితే అప్పుడు చంద్రుడి మీదకి వెళ్ళండి. అక్కడ రాకెట్ చంద్రుడి కంట్లో గుచ్చుకోవడం ఒక షాట్‌లో చూపించి, అదే రాకెట్ నేల మీద దిగడం తర్వాతి షాట్‌లో మళ్ళీ చూపిస్తాడు. పొరబాటు కాదు. జరిగినదాన్ని రెండు చోట్ల నుంచి రెండుసార్లు చూపడం అప్పటి పద్ధతి. మరుసటేడు ఎడ్విన్ పోర్టర్ అమెరికాలో తీసిన అగ్నిమాపక సినిమాలో కూడా తల్లీబిడ్డల్ని కాపాడటం ముందు గది లోపలినుంచి, ఆ వెంటనే మొత్తం మళ్ళీ బయటినుంచి చూపిస్తారు.

ఇద్దరిలో ఒక్కరే అంటే? సినిమాలు తీయాలనుకునేవాళ్ళకి మెలియెస్, ఎందుకంటే ప్రతి బొమ్మలో ఒక సాంకేతిక పాఠం ఉంది. ఇంట్లో పెద్దవాళ్ళతో కూర్చుంటే లూమియేర్. మా అమ్మకి నచ్చింది పసిబిడ్డకి అన్నం పెట్టే బొమ్మ. అందులో ఉన్నది ఒగుస్త్ లూమియేర్, ఆయన భార్య, వాళ్ళ పాప. అమ్మ చూపు పాప మీద ఉంది. ఆనాటి ప్రేక్షకులు మాత్రం వెనకాల గాలికి ఊగుతున్న ఆకుల్ని చూసి అబ్బురపడ్డారట. రంగస్థలం మీద వెనక పరదా ఎప్పుడూ కదలదు మరి.

మధ్యలో ఇంగ్లండ్ వాళ్ళు

వీళ్ళని ఎవరూ పట్టించుకోరు. బ్రైటన్ చుట్టుపక్కల కొందరు 1900 ప్రాంతంలో క్లోజప్‌తో ఆటలాడారు. జి.ఎ. స్మిత్ సినిమాలో కుర్రాడు బామ్మ భూతద్దంలోంచి ఏది చూస్తే అది తెర నిండా కనిపిస్తుంది. జేమ్స్ విలియమ్సన్ 1901 సినిమాలో తనని ఫోటో తీయొద్దని తిడుతూ ఒకాయన కెమెరా మీదకి వచ్చి వచ్చి నోరు తెరిచి కెమెరామన్‌ని మింగేస్తాడు, తర్వాత తృప్తిగా నములుతూ వెనక్కి జరుగుతాడు. ఒక్క నిమిషం. పిల్లలున్న ఇంట్లో దీనితోనే మొదలుపెట్టండి, నా పూచీ. దాని తర్వాత 1905లో సెసిల్ హెప్‌వర్త్ తీసిన కుక్క సినిమా: ఎత్తుకుపోయిన పసిపాపని పెంపుడు కుక్క వెతికి పట్టుకుంటుంది. ప్రింట్లు తీసీ తీసీ నెగటివ్ అరిగిపోయి, అదే సినిమా మళ్ళీ రెండుసార్లు తీయాల్సి వచ్చింది. పాములూ ఏనుగులూ హీరోని కాపాడే సినిమాలు మనకీ తక్కువేం కాదు, కాబట్టి కథ కొత్తగా ఉండదు. కుక్క వెళ్ళిన దారినే తిరిగి రావడం చూపించిన తీరు గమనించండి. ఏ ఇల్లు ఎక్కడుందో, ఏది ముందో ఏది వెనకో మనకి తికమక ఉండదు.

ఉత్కంఠ కావాలంటే

1903లో పోర్టర్ తీసిన రైలు దోపిడీ దాదాపు 12 నిమిషాలు. చివర్లో దొంగల నాయకుడు తెరలోంచి సూటిగా మన మీదకి తుపాకి పేలుస్తాడు. ఆ షాట్‌ని మొదట్లో వేసుకుంటారో చివర్లో వేసుకుంటారో హాలువాళ్ళ ఇష్టమని ఎడిసన్ కంపెనీ కేటలాగ్‌లోనే రాశారు. బాగుంది. కానీ మిగతా 11 నిమిషాలు కెమెరా దూరంగా నిలబడి చూస్తూ ఉంటుంది. ఎవరు దొంగో ఎవరు పోలీసో గుర్తుపట్టేలోపు సీను అయిపోతుంది. ఈనాటి కళ్ళకి ఇది కష్టమే.

డి.డబ్ల్యు. గ్రిఫిత్ 1908 నుంచి 1913 దాకా బయోగ్రాఫ్ కంపెనీకి 450 దాకా పొట్టి సినిమాలు తీశాడు. 1909లో ఆయన తీసిన ఒంటరి బంగళా కథలో ఇంట్లో భార్యాపిల్లలు, తలుపు బద్దలుకొడుతున్న దొంగలు, ఎక్కడో దూరాన ఫోన్ పట్టుకున్న భర్త. ఒకరి తర్వాత ఒకరిని చూపిస్తూ గుండె వేగం పెంచుతాడు. ఇప్పుడు ప్రతి సినిమా క్లైమాక్సులోనూ వాడే పద్ధతే ఇది. కానీ ఇదే కథని 1913లో లోయిస్ వెబర్, తన భర్త ఫిలిప్స్ స్మాలీతో కలిసి తీసింది, పేరు "సస్పెన్స్". పది నిమిషాలు. తెరని త్రికోణంగా మూడు ముక్కలు చేసి, ఇంట్లో భార్య, గుమ్మంలో దొంగ, ఫోన్‌లో భర్త, ముగ్గురినీ ఒకేసారి చూపిస్తుంది. మేడ మీంచి ఆమె కిందికి చూస్తే, దొంగ తల పైకెత్తి సరిగ్గా మన కళ్ళలోకి చూస్తాడు. కారు అద్దంలో వెనక తరుముకొస్తున్న పోలీసు కారు కనబడుతుంది. రెండూ పక్కపక్కన పెడితే నా ఓటు అనుమానం లేకుండా వెబర్‌కే. పేరు మాత్రం గ్రిఫిత్‌కి వచ్చింది.

గ్రిఫిత్‌ని పూర్తిగా వదిలేయమని కాదు. ఆయన 1915లో తీసిన పెద్ద సినిమా నల్లవాళ్ళ మీద ద్వేషంతో నిండినదని తెలిసి కూడా, 1909 నాటి "గోధుమల గుత్తాధిపత్యం" చూడమంటాను. 14 నిమిషాలు. ఒక వ్యాపారి గోధుమలన్నీ గుప్పిట్లో పెట్టుకుంటాడు. అయిదు సెంట్ల రొట్టె పది సెంట్లవుతుంది. ఒకవైపు అతని విందు, ఇంకోవైపు రొట్టెల కొట్టు దగ్గర జనం బారు. ఆ బారు చూపించినప్పుడు అందరూ కదలకుండా బొమ్మల్లా నిలబడిపోతారు. మొదట్లోనూ చివర్లోనూ రైతు చేతిలోంచి గింజలు వెదజల్లుతూ పొలంలో నడుస్తుంటాడు. రేషన్ క్యూలో నిలబడినవాళ్ళకి ఈ సినిమాకి మధ్యమధ్య మాటలు చూపించే టైటిల్ కార్డులు కూడా అక్కర్లేదు.

ఆలిస్ గీ, మన వెంకయ్య

జాబితాల్లో చివర ఎక్కడో ఉండే పేరు ఆలిస్ గీ. పారిస్ గోమాంట్ కంపెనీలో సెక్రటరీగా చేరి, సినిమాల విభాగం మొత్తానికి అధిపతి అయింది. తర్వాత అమెరికా వెళ్ళి 1910లో సొలాక్స్ అనే సొంత కంపెనీ పెట్టింది. గోమాంట్‌లో ఉన్నప్పుడు రికార్డుతో కలిపి బొమ్మ ఆడించే పాటల సినిమాలు చాలా తీసింది. గోమాంట్ వాళ్ళ అలాంటి యంత్రమే, క్రోనోమెగాఫోన్, 1910లో మచిలీపట్నం వాడైన రఘుపతి వెంకయ్య చేతికి వచ్చింది. మద్రాసులో ఫోటో స్టూడియో నడుపుతున్న ఆయన దానితో ధ్వనితో కూడిన పొట్టి చిత్రాలు చూపించి, ఊళ్ళు తిరిగి డేరాల్లో ప్రదర్శనలు వేశాడు. తెలుగువాళ్ళ సినిమా చరిత్ర ఏ తలుపులోంచి వచ్చిందంటే, పొట్టి బొమ్మల తలుపులోంచే.

ఆలిస్ గీవి రెండు. నవ్వుకోవాలంటే 1906 నాటి "స్త్రీవాదం ఫలితాలు": మగవాళ్ళు ఇస్త్రీ చేస్తూ, పిల్లల్ని ఆడిస్తూ ఉంటే ఆడవాళ్ళు కెఫేలో కాళ్ళు చాపుకుని సిగరెట్లు కాలుస్తుంటారు. మనసు తడవాలంటే 1912 నాటి "రాలే ఆకులు". అక్కకి క్షయ. చివరి ఆకు రాలేసరికి ఈమె ఉండదని డాక్టరు అంటాడు. చిన్న చెల్లెలు ఆ మాట విని, రాత్రి గౌనుతోనే తోటలోకి వెళ్ళి, రాలిన ఆకుల్ని దారంతో కొమ్మలకి కట్టడం మొదలుపెడుతుంది. మిగతాది చూడండి, చెప్పను.

చాప్లినా, కీటనా?

తెలుగిళ్ళలో చాప్లిన్‌కి పరిచయం అక్కర్లేదు. అందుకే నేను కీటన్ అంటాను. చాప్లిన్ మీద ప్రేమ ఉంటే 1916-17లో మ్యూచువల్ కంపెనీకి తీసిన 12 సినిమాల్లోంచి ఎంచుకోండి, అంతకు ముందువి వద్దు. 1917 నాటి "ది ఇమ్మిగ్రెంట్"లో ఓడ రెయిలింగ్ మీద వంగి, వెనకనుంచి చూస్తే వాంతి చేసుకుంటున్నట్టు కనిపిస్తాడు. ఇటు తిరిగితే చేతిలో చేప! అలాంటి ఒక్క మలుపు చాలు.

బస్టర్ కీటన్ "వన్ వీక్" 1920లో వచ్చింది, రెండు రీళ్ళు. కొత్తగా పెళ్ళైన జంటకి విడిభాగాలుగా పెట్టెల్లో ఇల్లు కానుకగా వస్తుంది. కడుపుమంటతో ఒకడు పెట్టెల మీద నంబర్లు మార్చేస్తాడు. అయినా ఇల్లు కట్టేస్తారు. ఆ ఇంటిని వర్ణించడం నా వల్ల కాదు. సొంతిల్లు కట్టి మేస్త్రీతో పడ్డవాళ్ళెవరైనా ఏడుస్తూ నవ్వుతారు. మూకీ ఒక్కటీ చూడనివాళ్ళకి మొట్టమొదట ఏం చూపించాలని ఎవరడిగినా నా జవాబు ఇదే: వరసగా 1895 నుంచి రాకండి, 1920 నుంచి వెనక్కి నడవండి. కథ అర్థమయ్యే చోట మొదలైతే, అది ఎక్కడినుంచి వచ్చిందో తెలుసుకోవాలన్న కుతూహలం దానంతటదే పుడుతుంది.

కాపీ ఎంచుకోవడం

ఇప్పుడు అమ్మ అడిగిన తొందర సంగతి. అప్పట్లో కెమెరా చేత్తో తిప్పేవారు, సుమారుగా సెకనుకి 16 నుంచి 18 ఫ్రేములు. తర్వాత టాకీల కాలంలో 24 ఖాయమైంది. 16తో తీసింది 24తో వేస్తే ఒకటిన్నర రెట్లు వేగం. వెయ్యగానే నడకలు చూడండి. మనుషులు మామూలుగా నడుస్తుంటే కాపీ మంచిది. అదే సినిమా ఒకచోట 9 నిమిషాలు, ఇంకోచోట 14 నిమిషాలు ఉంటే నిడివి ఎక్కువున్నదాన్నే ముందు తీయండి.

60 ఫ్రేములు, 4కె అని ఊరించేవి వద్దు. లేని ఫ్రేముల్ని కంప్యూటర్ ఊహించి నింపుతుంది, మొహాలు మైనం పూసినట్టుంటాయి. వాటికి అద్దే రంగులూ ఊహే. అసలు రంగుల కాపీలు వేరే ఉన్నాయి. చంద్రుడి సినిమాకి ఆ రోజుల్లోనే ఫ్రేము ఫ్రేముకీ కుంచెతో రంగులు వేసిన ప్రింటు 1993లో బార్సిలోనాలో బయటపడింది, ముక్కలు ముక్కలుగా. దాన్ని బాగుచేసి 2011లో కాన్ చిత్రోత్సవంలో చూపించారు. నేను ఆ రాత్రి వెయ్యాల్సింది అది. మెలియెస్ 1923లో నెగటివ్‌లు తానే తగలబెట్టుకున్నాడని గుర్తుంటే, ఆ ఎరుపూ పసుపూ ఎంత విలువైనవో తెలుస్తుంది.

అమెరికా సినిమాలకి మరో దారి ఉంది. 1912 దాకా అక్కడ సినిమాకి విడిగా కాపీరైటు లేదు. అందుకని కంపెనీలు ఫోటోల కింద లెక్కకొచ్చేలా కాగితం చుట్టల మీద ప్రింటు వేసి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో దాఖలు చేసేవి. ఫిల్మ్ కాలిపోయింది, కుళ్ళిపోయింది. కాగితం మిగిలింది. అలా బతికిన సినిమాలు 3,000 పైనే. కాబట్టి ఎవరో ఎక్కించిన వీడియో కన్నా ఆ లైబ్రరీ సొంత సైటులో ముందు వెతకండి.

సంగీతం నచ్చకపోతే మొహమాటం లేకుండా మ్యూట్ చేయండి. ఏ కాపీకైనా ఉన్న సంగీతం చాలావరకు తర్వాత ఎవరో కలిపిందే.

సెలవులు అయిపోయేలోపు డాబా మీద మళ్ళీ దుప్పటి కట్టాను. ఈసారి మొదట "వన్ వీక్", తర్వాత "సస్పెన్స్", "రాలే ఆకులు", మింగేసే పెద్దాయన, ఏడుగురు మెలియెస్‌లు, చిట్టచివర ఫ్యాక్టరీ గేటు మూడుసార్లు. గంట కూడా పట్టలేదు. మేనల్లుడు ఏడో మెలియెస్ దగ్గర ఆపించి, ల్యాప్‌టాప్ తన ముందుకి లాక్కుని, ఫ్రేము ఫ్రేముకీ జరుపుతూ కుర్చీల అంచులు కలిసేచోటు వెతుకుతూ కూర్చున్నాడు. అమ్మ మాత్రం కిందికి దిగుతూ, మెట్ల మీద ఆగి, "ఆ కుక్క మూడింట్లోనూ ఉందా?" అని అడిగింది. నేను చూసుకోలేదు.